యౌవనహాస్యము: బారిష్టరు పార్వతీశము మొదలు వెండితెఱ దాఁక

భరతముని నాట్యశాస్త్రమున హాస్యరసమును రెండు విధములుగా విభజించెను. ఒకటి ఆత్మస్థము, రెండవది పరస్థము. తాను నవ్వుట యాత్మస్థము. ఇతరులను నవ్వించుట పరస్థము. వికృతవేషము, అసంబద్ధప్రలాపము, దోషోదాహరణము మున్నగునవి యీ రసమునకు విభావములని చెప్పి, స్మితము మొదలు అతిహసితమువఱకు నాఱు భేదములను గూడ నాతఁడు నిరూపించెను. ఈ విభాగము పండితులకు సుపరిచితమే. అయినను దెలుఁగున హాస్యగ్రంథములను బరిశీలించునపుడు దానిని వినియోగించుట యరుదు. ఈ రెండు పదములను గొంచెము విస్తరించి, నవ్వునకుఁ గారణమైనవాఁడే నవ్వువాఁడు నగుట ఆత్మస్థమనియు, నవ్వువాఁ డొకఁడు నవ్వఁబడువాఁ డొకఁడు నగుట పరస్థమనియుఁ గొన్నచో, ఆధునికాంధ్రవాఙ్మయమున నొక ముఖ్యమైన మార్పు స్పష్టముగాఁ గనఁబడును. తన్నుఁ జూచి తానే నవ్వుకొను యువకుఁడు కథకుఁడై గోదావరీమండలమున వెలసెను. వాని పేరు పార్వతీశము. ఎదుగుచున్న యువకుని యమాయకత్వమును వస్తువుగాఁ గొన్న యీ హాస్యము గ్రంథమునుండి చలనచిత్రమునకుఁ బోయినపుడు దానికిఁ గలిగిన లాభ మెట్టిది, నష్ట మెట్టిది యనునది విచారింపఁదగిన విషయము.

పార్వతీశమునకుఁ బూర్వము గోదావరీతీరమున హాస్యము లేకపోలేదు. రాజమహేంద్రవరమునఁ గందుకూరి వీరేశలింగము పంతులుగారు (1848–1919) ప్రహసనములు రచించి దురాచారముల నెండఁగట్టిరి. ‘బ్రాహ్మవివాహము’న వృద్ధుల పెండ్లిండ్లను, ‘వ్యవహారధర్మబోధిని’యందు ప్లీడర్ల నడవడిని వారు పరిహసించిరి. ఆ నవ్వు సంస్కర్త నవ్వు. నవ్వువాఁడు గట్టుమీఁద నిలుచును. నవ్వఁబడువాఁడు బురదలో నుండును. చూచువాఁడు గట్టునే చేరఁగోరును. ప్రహసనమునకుఁ బ్రయోజనము నదియే. తరువాత చిలకమర్తి లక్ష్మీనరసింహము పంతులుగారు (1867–1946) ‘గణపతి’ నవలలో నవ్వునకుఁ గరుణను జేర్చిరి. చదువుసంధ్యలు లేని పేదబ్రాహ్మణకుమారుని చేష్టలు పాఠకుని నవ్వించును. వాని దారిద్ర్యము పాఠకుని మనస్సును గలఁచును. కాని గణపతిచరిత్రమును జెప్పువాఁడు గణపతి కాఁడు. పాఠకుఁడు వానిమీఁద జాలిపడును గాని వానితోఁ గలసి నడువఁడు. ఈ రెండు మార్గములును బరస్థహాస్యమునకే చెందినవి.

క్రొత్తమార్గ మేర్పడుటకు దేశస్థితియుఁ గారణమయ్యెను. 1852లో ధవళేశ్వరము ఆనకట్ట పూర్తియైన పిదప గోదావరీజలములు కాలువలఁ బాఱి లంకలకును సముద్రతీరమునకును నడుమనున్న భూములను మాగాణములుగాఁ జేసినవి. ఆ కాలువలే బాటలు నైనవి. ధాన్యమును మోసిన పడవలే విద్యార్థులను గూడ మోసినవి. పంట చేతికివచ్చిన గృహస్థునకుఁ గుమారుని ఇంగ్లీషుబడికిఁ బంపవలెనను కోరిక పుట్టెను; బడికిఁ బోయిన కుమారునకు ఉద్యోగమో ప్లీడరీయో సంపాదింపవలెనను కోరిక పుట్టెను. ప్లీడరీకి మీఁదిమెట్టు బారిష్టరీ. టంగుటూరి ప్రకాశము పంతులుగారు రాజమహేంద్రవరమున వకీలుగా నుండి, 1904లో ఇంగ్లండునకుఁ బోయి, బారిష్టరై 1907లో మరలివచ్చి చెన్నపట్టణమున వృత్తి సాగించిరి. ఇట్టి దృష్టాంతములను విన్న పల్లెటూరి బాలురకు సముద్ర మంత దూరముగాఁ దోఁపలేదు. ఆ ప్రకాశము పంతులుగారే సహాయనిరాకరణోద్యమకాలమున న్యాయవాదవృత్తిని విడిచిరి. కావున 1924 నాఁటికి బారిష్టరను పేరునందు గౌరవమును మిగిలియున్నది, ఆ గౌరవమునెడ సందేహమును బొడసూపినది. ‘బారిష్టరు పార్వతీశము’ ప్రథమభాగ మా సంవత్సరముననే వెలువడెను.

గ్రంథకర్త మొక్కపాటి నరసింహశాస్త్రిగారు (1892–1973) ఈ ప్రాంతమువారే. స్కాట్లండునందలి ఎడింబరోలో విద్యాభ్యాసము చేసినవారు. నవలానాయకుని స్వగ్రామము మొగల్తూరు. చదువు నరసాపురమునందలి టెయిలరు ఉన్నతపాఠశాలలో. ఇంగ్లండునకుఁ బోయి బారిష్టరు కావలెనను సంకల్పము కలిగినంతనే యాతఁడు బయలుదేఱును. కాలువమార్గమున నిడదవోలు, అటనుండి రైలుమీఁదఁ జెన్నపట్టణము, ఆపైఁ గొలంబో, అచ్చట నోడ, ఫ్రాన్సుదేశము, లండను, తుద కెడింబరో: ఇది యాతని మార్గము. రచయితకును నాయకునకును ఎడింబరో సమానమైనంతమాత్రమున దీనిని స్వీయచరిత్ర మనుట పొరపాటు. ఎడింబరో చూచివచ్చిన యనుభవము శాస్త్రిగారిది. దానిని జూడకముందటి యజ్ఞానము పార్వతీశమునకుఁ గల్పింపఁబడినది. అనుభవము కలవాఁడే యజ్ఞానము నింత సూక్ష్మముగాఁ జిత్రింపఁగలఁడు.

ఈ ప్రయాణమున నడుగడుగునను నొక పరాభవము గలదు. వానిలో మిక్కిలి ప్రసిద్ధమైనది టోపీ వృత్తాంతము. దొరలదేశమునకుఁ బోవువానికి దొరటోపీ యావశ్యకమని తలఁచి పార్వతీశ మొకటి కొనును. అది స్త్రీలు ధరించు టోపీ. దానిని దలకెత్తుకొని యాతఁడు గంభీరముగా నడచుచుండఁగాఁ జూచువారు నవ్వుదురు. నవ్వెందులకో యాతని కర్థము కాదు. భరతుఁడు చెప్పిన వికృతవేషమునకు నింతకంటె సులభమైన యుదాహరణము దొరకదు. అయినను బాఠకునకుఁ గలుగు నవ్వు ఆ వీథిలోని జనుల నవ్వు కాదు. వారు టోపీని జూచి నవ్విరి. పాఠకుఁడు పార్వతీశపు మాటను విని నవ్వును. ఆ మాటలో టోపీని ధరించిన నాఁటి గాంభీర్యమును గలదు, దానిని దలఁచుకొని చెప్పునాఁటి వివేకమును గలదు. పోయినవాఁడు, చెప్పువాఁడు నని పార్వతీశములు ఇద్దఱు. మొదటివాఁడు మోసపోవును; రెండవవాఁడు ఆ మోసమును దాఁపక, తన్నుఁ దాను సమర్థించుకొనక, తీఱికగా వివరించును. మొదటివాఁడు రెండవవాఁడుగా మాఱుటయే యీ గ్రంథమునఁ గథ. ఆ మార్పు కథలోని సంఘటనలలోఁ గాక కథనపద్ధతిలో నిమిడియున్నది.

ఇందు భాషావిషయమును బేర్కొనుట యావశ్యకము. గ్రాంథికభాషాసంరక్షణమునకై 1911లో ఆంధ్రసాహిత్యపరిషత్తు స్థాపింపఁబడెను. 1919లో రాజమహేంద్రవరమున వర్తమానాంధ్రభాషాప్రవర్తకసమాజ మేర్పడఁగా, జీవితమెల్ల గ్రాంథికమున వ్రాసిన వీరేశలింగము పంతులుగారే దానికి నధ్యక్షులైరి. పార్వతీశము జన్మించినది యీ వాదమధ్యమున. నవల శిష్టవ్యావహారికమున రచింపఁబడినది. వాదమునెడ నేపక్షము నవలంబించినవారైనను నొక్క విషయము నంగీకరింపవలెను: తన పొరపాట్లను దానే చెప్పుకొను యువకుఁడు గ్రాంథికమున మాటలాడినచో నాతనికిఁ దన పొరపాట్లనుండి గౌరవప్రదమైన దూర మేర్పడును, ఆ దూరమే యీ హాస్యమునకు శత్రువు. మొగల్తూరి కుఱ్ఱవాఁడు నరసాపురపు టరుగుమీఁదఁ గూర్చుండి చెప్పుచున్నట్లు వినఁబడినఁగాని పాఠకుఁ డాతనిని నమ్మఁడు. వీరేశలింగము పంతులుగారి ప్రహసనములలోను బాత్రములు వాడుకమాటలే పలికినవి. కాని యచ్చట వాడుకభాష పాత్రమునకు మాత్రమే చెందినది. ఇచ్చట నది గ్రంథమంతటికిని జెందినది.

పాఠశాలలయందు పార్వతీశము కథాభాగములను బోధించునపు డొక దోషము సంభవించుచుండును. టోపీ ఘట్టమో, ఓడలోని భోజనఘట్టమో వేఱుచేసి చెప్పి, లోకజ్ఞానము లేని పల్లెటూరివాఁడు నగరమున నెట్లు నవ్వులపాలగునో చూపి ముగింతురు. అట్లు చెప్పినచోఁ బిల్లలు వీథిలోని జనులలోఁ గలిసి నవ్వుదురు. ఆత్మస్థహాస్యము పరస్థమై పోవును. మొగల్తూరు నుండి వచ్చిన బాలుఁడే తరగతిలో నున్నచో వాఁడు తన యూరిని జెప్పుకొనుటకు సిగ్గుపడును. గ్రంథకర్త యభిప్రాయ మిది కాదనుటకుఁ బ్రబలమైన ప్రమాణము గ్రంథముననే కలదు. పార్వతీశ మెన్నఁడును స్వగ్రామమును దక్కువచేసి మాటలాడఁడు. అచ్చటి యలవాట్ల కొలతతోనే చెన్నపట్టణమును, ఓడను, దొరలను గొలుచును. కొలత తప్పినపుడు నవ్వు పుట్టును. కాని తప్పునది సర్వదా మొగల్తూరి కొలతయే కాదు. ఓడలో నొకరొకరిని బలుకరింపని దొరల మర్యాద, దారిన పోవువారి యూరును బేరును నడుగు మొగల్తూరి మర్యాదకు నవ్వుగొలుపునదిగానే కనఁబడును. అజ్ఞానికన్నుల కన్ని వింతలే. ఆ వింతలలోఁ గొన్ని నిజముగా వింతలు.

నవల మూఁడు భాగములు గలది. ప్రథమభాగము ప్రధానముగాఁ బ్రయాణకథ. మిగిలిన భాగములు శాస్త్రిగారు దశాబ్దముల పిదప వార్ధకమున రచించిరి. వానిలో పార్వతీశము ఎడింబరోలోఁ జదువుకొనును, ప్రణయము నెఱుఁగును, స్వదేశమునకు మరలివచ్చి గృహస్థుఁడగును, న్యాయవాదియగును, జాతీయోద్యమమునఁ బాల్గొనును. ప్రథమభాగమున కున్నంత ప్రసిద్ధి తక్కినవానికి లేదు. రచయిత శక్తి తఱుఁగుటయే దీనికిఁ గారణమనుట తొందరపాటు. కారణము వస్తువునందే యున్నది. పోయినవాఁడు చెప్పువానిని సమీపించినకొలఁది వారిద్దఱి నడుమనున్న యెడము తఱుఁగును. ఆ యెడమే హాస్యమునకుఁ బుట్టినిల్లు. యువకుఁడు వివేకియైనంతనే యౌవనహాస్యము ముగియును, మిగులునది చరిత్రము. ఈ నియమము నెఱిఁగియు శాస్త్రిగారు నాయకుని శాశ్వతముగా మూర్ఖునిగా నిలుపక పెద్దవానిని జేసిరి. నవ్వు తగ్గినను సరే, యువకుఁ డెదుగవలెనని వారు నిశ్చయించిరి. హాస్యరచయితలలో నిట్టి త్యాగము చేయువారు కొలఁదిమంది.

ఇఁక వెండితెఱ విషయము. 1940లో ‘బారిష్టరు పార్వతీశము’ వాక్చిత్రముగా వచ్చెను. దర్శకులు రఘుపతి ప్రకాశుగారు. వీరు తెలుఁగుసీమకుఁ జలనచిత్రవిద్యను దెచ్చినవారిలో నగ్రగణ్యులైన రఘుపతి వెంకయ్యనాయుడుగారి కుమారులు; 1921లో మూకచిత్రము ‘భీష్మప్రతిజ్ఞ’ను నిర్మించినవారు. లంక సత్యముగారు పార్వతీశ పాత్రమును ధరించిరి. జి. వరలక్ష్మిగారు చిత్రరంగమునఁ బ్రవేశించినది యీ చిత్రముననే. నాఁటి తెలుఁగు వాక్చిత్రములలోఁ బెక్కులు పౌరాణికములు. సాంఘికములు సాధారణముగా సంస్కరణోద్దేశము గలవి. కిరీటమును ధరింపక, సంస్కరణోపన్యాసము చేయక, కేవలము తెలియనితనముచేఁ గథను నడపు పల్లెటూరి యువకుని నాయకునిగాఁ గొనుట యా కాలమునకు సాహసమే.

సరిగా మఱుసటి యేఁట, 1941లో, చెన్నపట్టణమున నిట్టిదే మఱియొక చిత్రము అఱవభాషలో వెలువడెను. పమ్మల్ సంబంధ మొదలియారుగారి నాటకము ననుసరించి ఎ.వి. మెయ్యప్పన్, ఎ.టి. కృష్ణస్వామి గారలు నిర్మించిన ‘సభాపతి’ యది. టి.ఆర్. రామచంద్రన్‌గారు నాయకులు. అందలి సభాపతి ధనికుని కుమారుఁడు, పాఠశాలలో వెనుకఁబడినవాఁడు, మందబుద్ధియగు సేవకుని పేరును సభాపతియే. కాళి ఎన్. రత్నముగా రభినయించిన యా సేవకుఁడు యజమానుని వెఱ్ఱితనమునకు నద్దమువలె నుండును. చదువుకొన్న భార్య వచ్చి నాయకునిఁ జక్కఁబఱుచును. అఱవచిత్రములలో యౌవనహాస్యమునకు నాదర్శమని నేఁటికిని దీనిని బేర్కొందురు.

ఈ రెండు కథలను బ్రక్కప్రక్కనఁ బెట్టి చూచినచో భేద మొకటి తోఁచును. సభాపతి ఇల్లు కదలఁడు. వానిని బెంచునది యొక స్త్రీ విద్య. పార్వతీశము ఇల్లు విడుచును. వానిని బెంచునది దారి. మఱియు సభాపతికథలో నాయకుని యజ్ఞానమును బ్రేక్షకునకుఁ జూపుటకు రెండవ సభాపతి యావశ్యకమయ్యెను. పార్వతీశమునకు సేవకుఁ డక్కఱలేదు. ఆతఁడే తన యద్దము. కాని యిచ్చటనే చలనచిత్రమునకుఁ జిక్కు వచ్చుచున్నది. పుటమీఁద ‘నేను’ అను నొక్కమాట చేయుపనిని తెఱమీఁద నేది చేయవలెను? ఛాయాగ్రాహకయంత్రము పార్వతీశమును వెలుపలినుండి చూపును. టోపీ కనఁబడును, టోపీని గూర్చి చెప్పు గొంతు వినఁబడదు. ప్రేక్షకుఁడు తన కిష్టము లేకయే వీథిలోని జనులలోఁ జేరును. నటుఁడెంత సమర్థుఁడైనను నీ దోష మాతనివలనఁ దీఱునది కాదు. నాటకకర్త రెండవ సభాపతిని సృష్టించినది యీ కొఱఁతను బూరించుటకేయనిన నతిశయోక్తి కాదు. యువకుని దెలివితక్కువ యొక పాత్రమునుండి రెండు పాత్రములకుఁ బంచఁబడినపుడు నాయకుఁడు పూర్తిగా నవ్వులపాలు గాక మిగులును.

ఇరువదియేండ్ల పిదప నీ రెండు సంప్రదాయములు మఱల గోదావరీవాసి యొకరి చేతిలోఁ గలిసినవి. 1964లో సి.వి. శ్రీధర్‌గారు అఱవమున నిర్మించిన ‘కాదలిక్క నేరమిల్లై’ వర్ణచిత్రము యువతీయువకుల తుంటరితనమునే యాధారముగాఁ జేసికొని ఘనవిజయము పొందెను. చలనచిత్రములు తీయవలెనని కలలుగను కుమారుఁడు తండ్రికిఁ గథ చెప్పి భయపెట్టు ఘట్టము, నాగేశ్ గారి యభినయముతో, అఱవదేశమున నిప్పటికిని స్మరింపఁబడుచున్నది. ఈ చిత్రము హిందీలో 1966లో ‘ప్యార్ కియే జా’గాను, అంతకు ముందే 1965లో పి. పుల్లయ్యగారి దర్శకత్వమున తెలుఁగులో ‘ప్రేమించి చూడు’గాను వచ్చెను. తెలుఁగుచిత్రమునకు మాటలు వ్రాసినవారు ధవళేశ్వరమునఁ బుట్టిన ముళ్లపూడి వెంకటరమణగారు (1931–2011). అంతకుఁ బూర్వమే వీరు ‘బుడుగు’ను సృష్టించి యుండిరి. బుడుగు బాలుఁడు, తన కథను దన మాటలలోఁ దానే చెప్పును, పెద్దలలోకమును దన కొలతతోఁ గొలుచును. పార్వతీశమునకు నిజమైన వారసుఁ డీ బాలుఁడే. ఆ పుస్తకమునకు బొమ్మలు వేసిన బాపుగారు (1933–2014) పార్వతీశము చదివిన నరసాపురముననే జన్మించుట యాదృచ్ఛికమైనను మనోహరమైన సంగతి. ‘నేను’ అని చెప్పుకొను పాత్రకు మాటలు కూర్చుటలో నాఱితేఱిన చేయి చలనచిత్రమునకు మాటలు వ్రాసినపుడు, తెఱమీఁది యువకుఁడు సైతము తన్నుఁ దానే చూచి నవ్వుకొనుచున్నట్లు పలుకఁ గలిగెను. కథకుని స్థానమును సంభాషణ మాక్రమించినది.

పసలపూడినుండి వచ్చిన వంశీగారు ఈ మార్గమును మఱికొంత దూరము నడిపిరి. 1986లో వీరు దర్శకత్వము వహించిన ‘లేడీస్ టైలర్’ చిత్రమున నాయకుఁడు సుందరము సోమరియైన దర్జీ. పుట్టుమచ్చగల స్త్రీని బెండ్లాడినచో భాగ్యము కలుగునను జోస్యమును నమ్మి తిరిగి తిరిగి, తుదకుఁ బ్రేమయొక్క విలువను దెలిసికొనును. తనికెళ్ల భరణిగారి మాటలు, ఇళయరాజాగారి సంగీతము, గోదావరీతీరగ్రామముల చెట్లు, రేవులు, పడవలు కలిసి యా కథకు నొక క్రొత్త కథకుని సమకూర్చినవి. ఆ కథకుఁ డొక మనుష్యుఁడు కాఁడు, ఊరు. అందఱు నందఱిని నెఱిఁగిన యూరు; నవ్వినను వెలివేయని యూరు. రాజేంద్రప్రసాదుగారు ధరించిన సుందరము నూరు చూచి నవ్వును, కాని తనవాఁడనియే నవ్వును. ఈ నవ్వు పూర్తిగా నాత్మస్థమును గాదు, పరస్థమును గాదు, కుటుంబములోని నవ్వువంటిది. పల్లెటూరివాఁడు నగరమున నవ్వులపాలగుటకుఁ బ్రతిగాఁ బల్లెయే తనలోఁ దాను నవ్వుకొన్నది.

ఈ పరంపరనుండి తేలిన సారాంశ మిది. యౌవనహాస్యమునకుఁ బ్రాణము యువకుని తప్పులు కావు. ఆ తప్పులను జెప్పు గొంతు. శాస్త్రిగారు ఆ గొంతును నాయకునకే యిచ్చిరి. ‘సభాపతి’ దానిని సేవకుని ప్రతిబింబముగా మార్చెను. రమణగారు సంభాషణమునకు నిచ్చిరి. వంశీగారు ఊరికిఁ బంచిరి. ఈ నాలుగింటిలో నేదియు లేక, తుంటరిపనులను మాత్రమే వరుసగాఁ బేర్చిన యౌవనచిత్రములు గత దశాబ్దములలో తెలుఁగునను అఱవమునను మిక్కిలిగా వచ్చినవి. వానిలో యువకుఁడు తప్పులు చేయును గాని యెదుగఁడు. ప్రేక్షకుఁడు నవ్వును గాని తన్నుఁ దాను గుర్తింపఁడు.

కావునఁ బార్వతీశమును బోధించువారు టోపీతో నాపక, ఆ టోపీని దలఁచుకొని చెప్పువాని నిర్మలమైన కంఠస్వరమును గూడ వినిపింపవలెను. పొరపాటు చేయుట యవమానము కాదనియు, దానిని దాఁచుకొనకుండఁ జెప్పఁగలుగుటయే పెద్దఱికమనియు మొగల్తూరి కుఱ్ఱవాఁడు నూఱేండ్ల క్రిందట నేర్చుకొనెను. ఆ పాఠము బడులలోఁ జెప్పఁబడినంతకాలము తరగతిలోని పల్లెటూరి బాలుఁడు తన యూరిపేరు చెప్పుకొనుటకు సంకోచింపనక్కఱలేదు.